నీటికాయా, ఎండు కొబ్బరా, కురిడీయా, బోండామా? కోనసీమ కొబ్బరి రైతుకు పోలిక లెక్కలు

కోనసీమలోని అంబాజీపేట కొబ్బరి మార్కెట్ ధరల పట్టిక చూస్తే ఒకే చెట్టు కాయకు అరడజను ధరలు కనబడతాయి. ఎండు కొబ్బరిలో కొత్త కొబ్బరికి, రెండో రకం కొబ్బరికి క్వింటా లెక్కన ధర. కురిడీలో, అంటే డొక్కతోనే నిల్వ ఉంచి లోపలే ఎండనిచ్చిన గుండు కొబ్బరిలో పాతవి, కొత్తవి, వాటిలో మళ్లీ గండేరా, గటగట అనే రకాలు. వీటికి వెయ్యి కాయల లెక్క. నీటికాయలో, అంటే లోపల నీరున్న పండిన కాయలో పాత ముక్కుడు కాయ, కొత్త పచ్చికాయ అనే రకాలు, వీటికీ వెయ్యి లెక్కే. అంటే ఒక సరుకు తూకం మీద, ఇంకోటి లెక్క మీద అమ్ముడవుతుంది. ఈ రెండు కొలతల్నీ ఒక్కటి చేసుకోకుండా, ఈ వారం ఏది పెరిగిందని విన్నామో దాని వైపు మొగ్గడం వల్లే చాలా తోటల్లో చేతికి రావలసిన డబ్బు రావడం లేదు.

ఏ రూపంలో అమ్మాలో చెప్పేది మార్కెట్ ధర ఒక్కటే కాదు. మీ కాయలో ఎంత కొబ్బరి ఉంది, డబ్బు కోసం మీరు ఎన్నాళ్లు ఆగగలరు, కాయతో పాటు తోటలోంచి ఇంకేం బయటికి పోతోంది అనే మూడు సంగతులు తేలితే జవాబు దాదాపు అదే తేలుతుంది.

ముందు వంద కాయలు తూచండి

ఒక దింపులో వచ్చిన రాశిలోంచి వంద కాయలు తీయండి. పెద్దవి ఏరకూడదు, చిన్నవి వదలకూడదు. ఒలిచి, పగలగొట్టి, ఎండబెట్టి, తేమ 6 శాతానికి దిగాక తూచండి. దేశవాళీ ఈస్ట్ కోస్ట్ టాల్ తోటలో సాధారణంగా 12 నుంచి 13 కిలోలు వస్తుంది. గోదావరి గంగ సంకరంలో 15 కిలోల దగ్గర ఉంటుంది. పోషణ లేని తోటలో 11 కూడా దాటదు. ఎండాకాలం దింపుకీ వానాకాలం దింపుకీ తేడా ఉంటుంది కాబట్టి ఏడాదికి రెండుసార్లయినా ఈ పని చేయాలి.

ఇప్పుడు లెక్క. 2026 సీజన్‌కు కేంద్రం ప్రకటించిన మద్దతు ధర మిల్లింగ్ కొబ్బరికి (నూనె తీయడానికి పోయే ఎండు కొబ్బరి) క్వింటా 12,027 రూపాయలు, కురిడీ కొబ్బరికి 12,500. మిల్లింగ్ కొబ్బరి కిలో 120.27 రూపాయలు అయినప్పుడు, వంద కాయలకు 13 కిలోలు ఇచ్చే తోటలో కాయ విలువ 15.63 రూపాయలు. 11 కిలోల తోటలో అదే కాయ 13.23కి పడిపోతుంది. 15 కిలోల తోటలో 18.04 అవుతుంది. ఒకే ఊళ్లో, ఒకే ధరకు, రెండు తోటల మధ్య కాయకు 4.81 రూపాయల తేడా. వ్యాపారి మాత్రం నీటికాయకు ఇద్దరికీ ఇంచుమించు ఒకే ధర చెబుతాడు. అందుకే కొబ్బరి తక్కువగా ఉండే తోట రైతుకు నీటికాయ అమ్మకం లాభం, కొబ్బరి నిండుగా ఉండే తోట రైతుకు అదే అమ్మకం నష్టం.

ఈ విలువలోంచి పగలగొట్టే కూలి, ఎండబెట్టే కూలి, మార్కెట్‌కు రవాణా, కమీషన్ తీసేయాలి. చిప్పలు అమ్మితే వచ్చేది కలపాలి. అన్నీ పోగా కాయకు రూపాయిన్నర ఖర్చు నిలిచిందనుకుందాం. అప్పుడు 13 కిలోల తోటలో హద్దు 14.13 రూపాయలు. ఒలిచిన నీటికాయకు అంతకు మించి ఇస్తే అమ్మేయండి. తక్కువ ఇస్తే ఎండబెట్టండి. 2025లో లాగా కొబ్బరి ధర మద్దతు ధరను దాటి చాలా పైకి పోయినప్పుడూ సూత్రం ఇదే. 120.27 ఉన్నచోట ఆనాటి ధర వేసుకోవడమే.

వ్యాపారి ధర చెప్పినప్పుడు ఒక సంగతి అక్కడే తేల్చుకోవాలి. ఆ ధర డొక్కతో (పైనున్న పీచు తొక్క) ఉన్న కాయకా, ఒలిచిన కాయకా? దింపు కూలి, ఒలుపు కూలి ఎవరిది? డొక్క ఎవరికి చెందుతుంది? ఇవి అడగకుండా రెండు ధరల్ని పక్కపక్కన పెట్టి చూడడం దండగ.

నీటికాయ: డబ్బు త్వరగా, బేరం బలహీనంగా

కోనసీమ నీటికాయ ఎక్కువగా ఉత్తరాది పూజలకు, పండగలకు పోతుంది. అందువల్ల దీని గిరాకీ పంచాంగాన్ని పట్టుకుని నడుస్తుంది. శ్రావణం, దసరా, దీపావళి ముందు ఊపందుకుంటుంది, తరవాత చల్లబడుతుంది. అదే సమయంలో తమిళనాడు, కర్ణాటక కాయ కూడా అవే మార్కెట్లకు చేరితే ఇక్కడి లారీలు ఆగిపోతాయి. దింపును పండగకు మూడు నాలుగు వారాల ముందుకు సర్దుకోగలిగిన రైతుకు నీటికాయ మంచి దారి. 45 రోజులకో రెండు నెలలకో దింపు తీసే తోటలో ఇది కష్టమేమీ కాదు. ఒక్క దింపును పదిరోజులు ముందుకో వెనక్కో జరిపితే చాలు.

ఇక్కడ ఎక్కువగా జరిగే పొరపాటు ఒలుపులో ఉంది. దూరం పోయే కాయకు కళ్లమీద పీచు జుట్టు వదిలి ఒలవాలి. నున్నగా ఒలిచేస్తే మెత్తని కన్ను దగ్గర తేమ, బూజు చేరి దారిలోనే కుళ్లు మొదలవుతుంది. ఒలిచేటప్పుడు చిప్పకు సన్నని చీలిక పడినా అంతే. అటువంటి కాయలు అవతలి మార్కెట్‌లో తీసివేతలో పడతాయి, ఆ నష్టం తరవాతి లోడుకు ఇచ్చే ధరలో రైతు మీదే వేస్తారు.

ఎండు కొబ్బరి: చేతిలో పని, తేమే శత్రువు

పచ్చి కొబ్బరిలో సగం నీరే. ఆ 50 శాతం తేమను 6కి దించడమే మొత్తం పని. మంచి ఎండలో ఆరు నుంచి ఎనిమిది రోజులు పడుతుంది. జూన్ నుంచి అక్టోబర్ దాకా కోనసీమలో అన్ని రోజులు వరుసగా ఎండ కాయడం అరుదు. కాబట్టి ఎండు కొబ్బరి నిర్ణయం సగం ధర మీద, సగం కేలండర్ మీద ఆధారపడుతుంది.

కాయ పన్నెండు నెలలు నిండి ఉండాలి. ముందే దింపిన కాయ కొబ్బరి రబ్బరులా సాగుతుంది, తూకం రాదు, రెండో రకంలోకి పోతుంది. పదకొండు నెలలకే దింపవలసి వస్తే డొక్కతోనే నీడలో కొన్ని వారాలు ఉంచి అప్పుడు పగలగొట్టండి. పగలగొట్టిన రోజే ఎండకు వేయాలి, మధ్యాహ్నం తరవాత పగలగొట్టకూడదు. తడి మీద రాత్రి గడిచిన కొబ్బరికి జిగురు పట్టి, ఆపైన బూజు వస్తుంది. పసుపుపచ్చ, ఆకుపచ్చ బూజు పట్టిందంటే అఫ్లటాక్సిన్ అనే విషం చేరే ప్రమాదం ఉన్నట్టే. దాన్ని తుడిచి మంచి సరుకులో కలపడం తినేవాళ్లకు ద్రోహం. నేలమీద కాక సిమెంటు కళ్లం మీదో టార్పాలిన్ మీదో చిప్ప నోరు పైకి ఉండేలా పరచాలి. రెండు మూడు రోజులకు కొబ్బరి చిప్ప నుంచి వదులవుతుంది. అప్పుడు తీసి మళ్లీ ఆరబెట్టాలి. విరిస్తే టక్కున విరగాలి. వంగితే ఇంకా ఆరలేదన్నమాట.

వానాకాలంలోనూ ఎండబెట్టాలనుకునేవాళ్లకు చిప్పలతో మండే డ్రయ్యర్ మేలు. కాసరగోడ్‌లోని కేంద్రీయ తోట పంటల పరిశోధన సంస్థ రూపొందించిన రకంలో ఒక విడతకు వెయ్యి కాయలు పడతాయి. కొబ్బరి తీసిన చిప్పలే ఇంధనం. వేడి 60–70 డిగ్రీలు దాటనివ్వకూడదు. మొదటి గంటల్లోనే మంట పెంచితే పైపొర గట్టిపడి లోపలి తేమ బయటికి రాదు. పైకి ఎండినట్టు కనబడి బస్తాలో బూజు పడుతుంది. ఒక్క రైతుకు ఇది బరువే. ఐదారుగురు కలిసి పెట్టుకుంటే విడత ఖాళీగా పోదు. తెల్లదనం కోసం గంధకం పొగ పెట్టడం మాత్రం ఎంతమాత్రం వద్దు.

కురిడీ: ధర కళ్లకు పెద్దది, ఖర్చు కళ్లకు కనబడదు

ధరల పట్టికలో కురిడీ అంకె చూసి మోజుపడని రైతు ఉండడు. కానీ బాగా పండిన కాయను డొక్కతోనే ఎనిమిది నుంచి పన్నెండు నెలలు నిల్వ ఉంచితేగాని లోపలి నీరు ఇంకి, కొబ్బరి గుండుగా ఊడి కురిడీ కాదు. ఈ నెలల ఖర్చును ఎవరూ కాగితం మీద పెట్టరు. పెట్టి చూద్దాం.

ఈరోజు నీటికాయగా 15 రూపాయలు వచ్చే కాయను పది నెలలు దాచారు. ఆ డబ్బు చేతికి రాకపోవడం వల్ల మరోచోట నూటికి రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చారనుకుంటే, పది నెలలకు 20 శాతం. 15 కాస్తా 18 అయింది. వంద కాయల్లో పది మొలకెత్తో, చిట్లో, ఎలుకలు కొట్టో పోయాయనుకుంటే, మిగిలిన తొంభై కాయలే ఆ మొత్తాన్ని మోయాలి. 18ని 0.9తో భాగిస్తే 20 రూపాయలు. అంటే కురిడీ కాయ 20 రూపాయలు పలికితే మీరు ఎక్కడున్నారో అక్కడే ఉన్నారు. పాక అద్దె, ఒలుపు, ఏరివేత కూలి ఇంకా లెక్కలో వేయలేదు. ధర మూడో వంతు కంటే ఎక్కువ పెరుగుతుందన్న నమ్మకం ఉన్నప్పుడే నిల్వ పెట్టడం న్యాయం. అప్పు లేని రైతుకు, సొంత పాక ఉన్నవాడికి ఈ లెక్క మారుతుంది. కురిడీ నిజానికి వాళ్ల సరుకు.

ఏది పోతుంది, ఎందుకు పోతుంది అన్నది తెలిస్తే ఆ పది కాయల్ని ఐదుకు తగ్గించవచ్చు. దింపేటప్పుడు గట్టి నేలమీద పడి లోపల చిట్లిన కాయ నిల్వలో కుళ్లుతుంది, పక్క కాయల్నీ చెడగొడుతుంది. లేత కాయలో కొబ్బరి ముడుచుకుపోతుంది. నేలకు తగిలిన అడుగు వరస తేమ పీల్చి మొలకెత్తుతుంది, అందుకని అటక మీదో వెదురు తడకల మీదో గాలి ఆడేలా పోయాలి. డొక్క పలచగా ఉన్న కాయ కురిడీకి ఆగదు. మందమైన డొక్క ఉన్న దేశవాళీ కాయే ఆగుతుంది. మొత్తం పంటను ఎప్పుడూ కురిడీకి పెట్టకండి. ఏ ఏడాదైనా మూడో వంతు మించితే అది వ్యవసాయం కాదు, పందెం.

బోండాం: చెట్టుకు తేలిక, నేలకు బరువు

ఆరు ఏడు నెలల కాయలో నీరు నిండుగా, తియ్యగా ఉంటుంది. అప్పుడే కోస్తే ఐదు నెలల ముందే డబ్బు వస్తుంది, ఒలుపు ఖర్చు లేదు, చెట్టు మీద భారం తగ్గి తరవాతి గెలలు బాగా నిలుస్తాయి. హైవేకి, పెద్ద ఊరికి దగ్గరున్న తోటకు ఇంతకంటే మంచి బేరం లేదు. దూరంగా లంకల్లో ఉన్న తోటకు ఈ లాభం రవాణాలోనే కరిగిపోతుంది. పండిన కాయ ఆగినట్టు బోండాం ఆగదు.

గెలను తాడుకట్టి దించాలి. పైనుంచి విసిరిన బోండాం లోపల లేత చిప్ప పగిలి రెండో రోజుకే నీరు పులుస్తుంది. నెలనెలా చెట్టెక్కాలి కాబట్టి దింపు కార్మికుడు దొరకని ఊళ్లో బోండాం పేపరు మీది లాభమే. గంగబోండాం, గౌతమి గంగ వంటి పొట్టి రకాలు ఉన్న తోటకు ఇదే దారి. వాటి ఎండు కొబ్బరి నాణ్యత తక్కువ, తూకమూ తక్కువ.

బోండాంతో పాటు డొక్క మొత్తం తోట దాటిపోతుంది. కొబ్బరి చెట్టు తీసుకునే పొటాష్‌లో పెద్ద భాగం డొక్కలోనే ఉంటుంది. అది తిరిగి ఇవ్వకుండా ఏళ్ల తరబడి బోండాలు కోసిన తోట ఏమవుతుందో కింద చెబుతాం.

నూనె, నీరాల సంగతి రెండు మాటల్లో. ఎక్స్‌పెల్లర్‌లో (నూనె తీసే యంత్రం) ఎండు కొబ్బరి బరువుకు 60 నుంచి 65 శాతం నూనె వస్తుంది. 13 కిలోల కొబ్బరికి ఎనిమిది కిలోల చిల్లర. ఆడించే కూలి, ప్యాకింగ్, అమ్మకం మీరే చూసుకోగలిగితేనే ఇది ఎండు కొబ్బరిని మించుతుంది. మిల్లుకు పోసి డబ్బాల్లో నింపి కొనేవాళ్ల కోసం వెతకడం మొదలుపెడితే మించదు. నీరాకు (పూగుత్తి గీసి తీసే తియ్యని రసం) ఎక్సైజ్ అనుమతి, గీత నేర్పు, కోసిన క్షణం నుంచి చల్లదనం, మూడూ కావాలి. ఒంటరి రైతు దీని జోలికి పోకపోవడమే మంచిది. ఉత్పత్తిదారుల సంఘం ఉన్నచోటే ఆలోచించాలి.

తోటలోంచి పోయేది తిరిగి పెట్టకపోతే

కాపుకొచ్చిన చెట్టుకు ఏడాదికి నత్రజని 500 గ్రాములు, భాస్వరం 320, పొటాష్ 1,200 గ్రాములు కావాలి. ఎరువుల బస్తాల లెక్కలో యూరియా 1.1 కిలో, సింగిల్ సూపర్ ఫాస్ఫేట్ 2 కిలోలు, మ్యూరేట్ ఆఫ్ పొటాష్ 2 కిలోలు. రెండు సగాలుగా, వానలు మొదలయ్యాక ఒకసారి, వెనకపడ్డాక ఒకసారి, మొదలుకు 1.8 మీటర్ల దూరం వరకు తీసిన పాదులో తేమ ఉండగా వేయాలి. ధర చూసి రైతు ముందు మానేసేది పొటాష్. మానేసిన ఏడాది కాయ తగ్గదు. పూగుత్తి మొవ్వులో రూపు కట్టడం మొదలైన దగ్గర్నుంచి కాయ పండేదాకా సుమారు 44 నెలలు. అందుకే ఈ ఏటి ఆదా మూడో ఏట, నాలుగో ఏట నష్టంగా బయటపడుతుంది. అప్పటికి కారణం ఎవరికీ గుర్తుండదు, చెట్టు ముసలిదైందనుకుంటారు.

డొక్కల్ని పీచు ఫ్యాక్టరీకి అమ్మడమా, తోటలో ఉంచడమా అన్నది కూడా ఎంపికే. పాదుకు సుమారు వంద డొక్కలు, కుంభాకారం పైకి ఉండేలా పరిస్తే ఎండాకాలం తేమ ఆగుతుంది, కలుపు తగ్గుతుంది, పొటాష్ నేలకే చేరుతుంది. తేలికపాటి ఇసుక నేలల్లో, నీరు కరువైన తోటల్లో డొక్క అమ్మకండి. కాలవ నీళ్లు పుష్కలంగా ఉండి, పొటాష్ క్రమంగా వేసే తోటలో అమ్ముకోవచ్చు. మట్టలు తగలబెట్టడానికి మాత్రం ఏ సాకూ చాలదు. చెట్టు ఏడాదికి డజను మట్టలు రాలుస్తుంది. నరికి పాదులో వేయడం కన్నా చవక ఎరువు లేదు.

తెల్లదోమ విషయంలోనూ ఇదే తప్పు జరుగుతోంది. సర్పిలాకార తెల్లదోమ 2016లో తమిళనాడులోని పొల్లాచిలో బయటపడి, అదే ఏడాది చివరికి కడియం ప్రాంతానికి చేరింది. ఆకులు నల్లబడగానే రసాయన మందు కొడితే దాన్ని తినే ఎన్‌కార్సియా పరాన్నజీవి ముందు చస్తుంది, దోమ మళ్లీ రెట్టింపుగా వస్తుంది. ఐసేరియా ఫ్యూమోసోరోసియా అనే శిలీంధ్రాన్ని లీటరు నీటికి 5 గ్రాములు కలిపి ఆకు అడుగుభాగం తడిసేలా సాయంత్రం కొట్టడం, నీటిని వేగంగా చిమ్మడం, అంబాజీపేట ఉద్యాన పరిశోధన స్థానంలో పెంచే మిత్రపురుగుల్ని వదలడం నిదానంగా పనిచేస్తాయి గాని నిలుస్తాయి.

చెట్టు మార్చాల్సి వస్తే

అమ్మే రూపం తేలితే రకం ఎంపిక తేలికవుతుంది. కురిడీ, నీటికాయ మీద ఆధారపడే తోటకు దేశవాళీ పొడుగు రకం. కాపుకు ఆరేడేళ్లు పడుతుంది, ఎద్దడిని ఓర్చుకుంటుంది, తరాలపాటు నిలుస్తుంది. ఎండు కొబ్బరి, నూనె చూసుకునేవాళ్లకు, నీళ్లు ఖాయంగా ఉన్నవాళ్లకు గోదావరి గంగ. మూడున్నర, నాలుగేళ్లకే కాపు, మంచి పోషణలో చెట్టుకు 140 కాయల దాకా. నీరు, ఎరువు తప్పితే దేశవాళీ కంటే ముందు అదే కుంగిపోతుంది. పొట్టి రకాలు బోండాం కోసమే.

పక్క తోటలోని గోదావరి గంగ చెట్టు విరగకాస్తోందని దాని కాయల్నే విత్తనానికి తెచ్చుకోవడం పెద్ద పొరపాటు. సంకరం కాయలోంచి వచ్చే మొక్కలు తలోరకంగా పోతాయి. కొన్ని పొట్టి, కొన్ని పొడుగు, కొన్ని కాయే కాయవు, ఆ సంగతి తెలియడానికి ఐదేళ్లు పడుతుంది. పరాగ సంపర్కం చేసి పెంచిన మొక్కనే తెచ్చుకోవాలి. 9 నుంచి 12 నెలల వయసు, ఆరు ఆకులు, మొదలు చుట్టుకొలత 10 సెంటీమీటర్లు, ఆకు త్వరగా చీలడం మొదలైన మొక్క అయితే మంచిది. 8 మీటర్ల ఎడంలో ఎకరాకు 63 మొక్కలు. ఆశకు పోయి 80 పెడితే వెలుతురు కోసం మెడలు సాచి కాపు తగ్గుతుంది, మధ్యలో కోకో, అరటి, కంద వేసే వీలు పోతుంది. అంతర పంటకు తొలి ఏడెనిమిదేళ్లు, మళ్లీ ఇరవై ఐదేళ్లు దాటాక వెలుతురు చాలుతుంది. 2018 తిత్లీ తుపానుకు శ్రీకాకుళం జిల్లా ఉద్దానం తోటలు నేలమట్టమైనప్పుడు కొత్త మొక్క కాపుకొచ్చేదాకా ఇంటిని నడిపే పంట ఒకటి పక్కన ఉండడం ఎంత అవసరమో అక్కడి రైతులకు తెలిసింది.

సముద్రం అంచు మండలాల్లో వీటన్నిటికంటే ముందు నీరు చూడాలి. కొబ్బరి ఉప్పుగాలిని ఓరుస్తుంది, ఇసుకలో పారే కొద్ది ఉప్పును కూడా ఓరుస్తుంది. పాదులో రోజుల తరబడి నిలిచిన ఉప్పునీటిని ఓర్వదు. సంకరగుప్తం డ్రెయిన్ గుండా సముద్రపు పోటు వెనక్కి తన్ని కేశనపల్లి వైపు తోటల్లో చెట్లు మొండేలుగా నిలిచింది అందుకే. అటువంటి చోట కొత్త మొక్క కొనే డబ్బుతో ముందు గట్టు పోసి, మురుగు బయటికి పోయే తూము బాగుచేసి, వానలకు ముందూ తరవాతా మట్టినీ బోరునీటినీ ఉప్పు పరీక్షకు ఇవ్వండి. వానల తరవాత కూడా ఉప్పు దిగకపోతే ఆ ఏడాది గుంత తవ్వకండి.